గూడెం మాట పుస్తకానికి ఎక్కాలంటే: ఆదివాసీ సంప్రదాయాలను నమోదు చేసే పద్ధతి

ఆదివాసుల మీద పుస్తకం రాద్దామని ఏజెన్సీకి బయలుదేరేవాళ్లు ఈ మధ్య బాగా పెరిగారు. సంతోషమే. కాకపోతే చాలామంది జాతర రోజున దిగుతారు, నాలుగు ఫొటోలు తీస్తారు, దొరికిన పెద్దాయనతో అరగంట మాట్లాడి తిరుగు బస్సు ఎక్కేస్తారు. ఆ అరగంటే సాగి సాగి రెండొందల పేజీలవుతుంది. ఆ పుస్తకం ఆ ఊళ్లో ఎవరికీ అక్కర్లేదు, రేపటి పరిశోధకుడికీ పనికిరాదు. ఎవరు చెప్పారో, ఎప్పుడు చెప్పారో, ఏ ఊరి మాటో అందులో ఉండదు మరి.

ఇక్కడ చెప్పే పద్ధతికి ఆధారం ఒక్కటే: ముందు రికార్డు, ఆ తర్వాతే రచన. రికార్డు ఊరిది, రచన మీది. ఈ రెండూ కలిసిపోకుండా చూసుకుంటే మిగతా పనులు ఒక దారిన పడతాయి.

విషయాన్ని చిన్నది చేసుకోండి

"తెలుగు రాష్ట్రాల గిరిజనుల సంస్కృతి" అన్నది విషయం కాదు, అట్ట మీద పేరు. గోండులు, కోయలు, కొలాములు, కొండరెడ్లు, చెంచులు, సవరలు, జాతాపులు, గదబలు... ఒక్కొక్కరి భాష వేరు, దేవుళ్లు వేరు, ఊరి కట్టు వేరు. గోండీ, కోయ, కొలామీ ద్రావిడ భాషలు. సవర, గుతోబ్ గదబ ముండా కుటుంబానివి. అందరినీ ఒకే గాటన కట్టి రాస్తే ఎవరి గురించీ రాసినట్టు కాదు. ఒక ఊరు, ఒక సంగతి తీసుకోండి.

కేస్లాపూర్ నాగోబా జాతరనే చూడండి. పుష్య అమావాస్య రాత్రి జరిగే పూజ అందరికీ తెలుసు, టీవీల్లోనూ వస్తుంది. దాని మీద మీరు కొత్తగా రాసేది తక్కువ. కానీ ఆ రాత్రికి ముందే గోండుల్లోని మెస్రం వంశస్థులు కాలినడకన జన్నారం మండలంలోని హస్తలమడుగుకు వెళ్లి గోదావరి జలం తెస్తారు. పూజకు కావాల్సిన కుండలు చేసేది సిరికొండ కుమ్మరులు. జలంతో తిరిగొచ్చినవాళ్లు కేస్లాపూర్ మర్రిచెట్ల కింద బస చేస్తారు. కొత్త కోడళ్లను వంశానికి, దేవుడికి పరిచయం చేసే భేటింగ్ ఉంటుంది. ఇప్పుడు ప్రశ్నలు వేసుకోండి. నడక దారి ఏయే ఊళ్ల మీదుగా పోతుంది? రాత్రి ఎవరి వాకిట్లో ఆగుతారు, అక్కడ అన్నం ఎవరు పెడతారు? జలం ఉన్న కలశాన్ని నేల మీద పెట్టవచ్చా? కుండలకు కుమ్మరి తీసుకునేది డబ్బా, ధాన్యమా, బట్టలా? ఒక కుండ దారిలో పగిలితే ఏం చేస్తారు? పర్ధాను (గోండుల వంశకథలు పాడేవాడు) కథ చెప్పేది ఏ చోట, ఏ వేళ? ఇందులో ఏ ఒక్క ప్రశ్న వెంట వెళ్లినా, గోండులకు పర్ధానులతో ఉన్న సంబంధం, ఊరికీ ఊరికీ ఉన్న మర్యాదలు, వంశాల లెక్క అన్నీ ఒకదాని వెంట ఒకటి బయటపడతాయి.

ఏ విషయం తీసుకోవాలో తోచకపోతే కరిగిపోతున్నదాన్ని ముందు పట్టుకోండి. పోలవరం ముంపు కింద కొండరెడ్ల, కోయల ఊళ్లు ఖాళీ అయ్యాయి, ఇంకా అవుతున్నాయి. కాలనీలకు వచ్చినవాళ్లకు పాత ఊరి చుట్టూ ఉన్న ప్రతి వాగుకీ గుట్టకీ రాయికీ పేరు తెలుసు. వాళ్ల పిల్లలకు ఆ పేర్లు పలికే సందర్భమే రాదు. పెద్దవాళ్లను కూర్చోబెట్టి చార్టు మీద పాత ఊరి పటం గీయించి, ఒక్కో పేరూ రాయించుకోండి. అదొక్కటే చేసినా పుస్తకానికి సరిపడా పని.

వెళ్లేముందు చదవండి, కానీ నమ్మేయకండి

దక్షిణ భారత కులాలు, తెగల మీద 1909లో వచ్చిన థర్‌స్టన్ సంపుటాలు ఏడు. కొమురం భీం 1940లో జోడేఘాట్ దగ్గర నేలకొరిగాక, అక్కడి గోండుల పరిస్థితిని చూడమని నిజాం ప్రభుత్వం మానవశాస్త్రవేత్త హైమెన్‌డార్ఫ్‌కు అప్పగించింది. ఆయన మార్లవాయిలో గోండుల మధ్యే కాపురం పెట్టాడు. చెంచుల మీద 1943లో, కొండరెడ్ల మీద 1945లో, రాజ్‌గోండుల మీద 1948లో ఆయన పుస్తకాలు వచ్చాయి. 1961 జనాభా లెక్కలప్పుడు ఒక్కో ఊరి మీద విడిగా వేసిన చిన్న పుస్తకాలున్నాయి, వాటిని ఎవరూ పెద్దగా ముట్టుకోరు గానీ ఇంటి కొలతల నుంచి పండగ ఖర్చు దాకా దొరుకుతాయి. హైదరాబాద్ మాసబ్‌ట్యాంకులోని గిరిజన సాంస్కృతిక పరిశోధన, శిక్షణ సంస్థ గ్రంథాలయం, పక్కనే మ్యూజియం తప్పక చూడండి.

వీటిని ఎలా చదవాలంటే, ఫలానా సంవత్సరంలో ఫలానా ఊళ్లో ఒక బయటి మనిషికి కనిపించిన సంగతిగా చదవాలి. "గోండుల ఆచారం ఇది" అని 1948 పుస్తకంలో ఉన్నంత మాత్రాన మీరు వెళ్లిన ఊళ్లో నేడు అది లేకపోతే ఊరు తప్పినట్టు కాదు. పైగా ఆ పుస్తకాలను పెద్దల ముందు పరీక్ష పేపరులా పెట్టి "మీది ఇలాగేనా?" అని అడగడం మొదలుపెడితే మర్యాదకు అవునంటారు. అక్కడితో మీ రికార్డు పాడవుతుంది.

ఒక్క మినహాయింపు, పాత ఫొటోలు. హైమెన్‌డార్ఫ్ తీసిన చిత్రాలు లండన్‌లోని సోయాస్ అనే విశ్వవిద్యాలయ సంస్థలో ఉన్నాయి, చాలావరకు ఇంటర్నెట్‌లో చూడొచ్చు. మీరు వెళ్లే ప్రాంతానివి దొరికితే పెద్ద సైజులో అచ్చు వేయించి పట్టుకెళ్లండి. వంద ప్రశ్నలకు రాని జవాబులు ఒక ఫొటోకి వస్తాయి. మెడలో పూసలు ఏ సంతలో కొనేవారో, ఆ నాగలికి ఏ కర్ర వాడేవారో, వెనక కనిపించే ఇల్లు ఎవరిదో వాళ్లే ఒకరి మాట ఒకరు అందుకుని చెబుతారు.

భాష సంగతి. గిడుగు రామమూర్తి పంతులు పర్లాకిమిడిలో ఉంటూ ముందు సవర నేర్చుకున్నాడు, సవర పిల్లలకు బడులు పెట్టించాడు. సవర భాషా బోధిని 1931లో, నిఘంటువు 1938లో వచ్చాయి. అంటే రచనకు ముందు దశాబ్దాల వినికిడి. అంత ఓపిక మనకు లేకపోవచ్చు. కనీసం పలకరింపులు, వావివరసలు, అంకెలు, నెలల పేర్లు, "మళ్లీ చెప్పండి", "ఇది రాసుకోవచ్చా" అన్నవి నేర్చుకుని వెళ్లండి. అందరికీ తెలుగు వచ్చు కదా అనుకోవద్దు. తెలుగులో అడిగితే తెలుగువాళ్లకు చెప్పే జవాబే వస్తుంది.

అనుమతి అంటే సంతకం కాదు

ఐటీడీఏ (సమీకృత గిరిజనాభివృద్ధి సంస్థ) నుంచి ఒక లేఖ ఉంటే మంచిది. ఉట్నూరు, భద్రాచలం, ఏటూరునాగారం, పాడేరు, రంపచోడవరం, సీతంపేట, పార్వతీపురం... మీ ప్రాంతం ఎందులోకి వస్తుందో చూసుకోండి. అమ్రాబాద్ పులుల అభయారణ్యం లోపలి చెంచు పెంటలకు (గూడేలకు) వెళ్లాలంటే అటవీశాఖ అనుమతి కావాలి. ఇవి ప్రభుత్వానికి చూపించే కాగితాలు. ఊరికి చూపించాల్సినవి వేరే.

1996 పీసా చట్టం (షెడ్యూల్డ్ ప్రాంతాలకు పంచాయతీ వ్యవస్థను విస్తరించిన చట్టం) ప్రకారం తమ సంప్రదాయాలను, ఆచారాలను, సాంస్కృతిక గుర్తింపును కాపాడుకునే అధికారం గ్రామసభకు ఉంది. కాబట్టి ముందు ఊరి పెద్దల దగ్గరికి వెళ్లండి. గోండు గూడెంలో పట్లా (ఊరి పెద్ద), కటోడా (పూజారి). పైన కొన్ని ఊళ్లకు కలిపి ఉండే పెద్దల సభ రాయిసెంటర్, దాని పెద్ద సార్‌మెడి. పది మంది కూర్చున్న చోట ఏం చేయబోతున్నారో, దానివల్ల మీకేం వస్తుందో, వాళ్లకేం వస్తుందో దాచకుండా చెప్పండి. "పుస్తకం అమ్ముడైతే డబ్బు ఎవరికి?" అని ఎవరో ఒకరు అడుగుతారు. ఆ ప్రశ్నకు జవాబు ఇంట్లోనే ఆలోచించుకుని వెళ్లాలి.

ఊరు ఒప్పుకున్నాక కూడా మనిషి మనిషినీ విడిగా అడగాలి. మాట రికార్డు చేయడానికి ఒప్పుకున్నవాళ్లు ఫొటోకి ఒప్పుకోకపోవచ్చు. పుస్తకంలో పేరు వేయమన్నవాళ్లు యూట్యూబ్‌లో పెట్టవద్దనొచ్చు. నాలుగింటినీ వేర్వేరుగా అడిగి, ఆ అనుమతిని వాళ్ల భాషలోనే, వాళ్ల గొంతుతోనే రికార్డింగు మొదట్లో పట్టుకోండి. చదువురాని మనిషితో ఇంగ్లీషు ఫారం మీద వేలిముద్ర వేయించుకోవడం అనుమతి కాదు, మీ ఆత్మరక్షణ. తర్వాత మనసు మార్చుకుంటే తీసేస్తానని చెప్పండి, ఫోన్ నంబరు రాసివ్వండి, అడిగితే నిజంగానే తీసేయండి.

కొన్ని అసలు అడగకూడదు. గోండుల వంశదైవం పెర్సపేన్ చిహ్నాలను ఎప్పుడు పడితే అప్పుడు బయటకు తీయరు. మీకోసం ప్రత్యేకంగా తీయమని బతిమాలడం, డబ్బు ఆశ చూపడం పాపిష్టి పని. గోండుల దండారి పండగ రోజుల్లో నెమలి ఈకల టోపీ పెట్టుకుని ఆడే గుస్సాడీలు ముగింపు దాకా స్నానం చేయరు, నియమంలో ఉంటారు. వెలుగు బాగుంది ఇటు నిలబడండి అంటూ వాళ్లను పక్కకు లాగకండి. ఇక మందు మొక్కలు. ఏ వేరు దేనికి వాడతారో చెబితే వినండి, రాసి వాళ్లకే ఇవ్వండి, అచ్చు మాత్రం వేయకండి. జీవవైవిధ్యంతో ముడిపడిన సంప్రదాయ జ్ఞానం మీద సముదాయ హక్కును 2006 అటవీ హక్కుల చట్టం గుర్తించింది. పుస్తకంలోకి ఎక్కిన వైద్యం మరుసటి రోజు ఎవరి డబ్బాలోకి ఎక్కుతుందో మీ చేతిలో ఉండదు.

ఎప్పుడు వెళ్లాలి

మీకు సెలవులు దొరికినప్పుడు కాదు. ఇప్పపువ్వు రాలే రోజుల్లో తెల్లవారకముందే అందరూ అడవిలో ఉంటారు. తునికాకు కల్లం నడిచే రోజుల్లో పగలు ఎవరూ దొరకరు. కానీ సాయంత్రం ఇంటిల్లిపాదీ కూర్చుని యాభై ఆకుల కట్టలు కడుతుంటారు. మీరూ కూర్చుని కట్టలు కట్టండి. కబుర్లు అప్పుడే నడుస్తాయి. దుక్కి, నాట్ల కాలంలో ఎవరినీ కదిలించకండి. పండగకు వెళ్లేటట్టయితే ముందుగా ఒకసారి, పండగయ్యాక ఒకసారి కూడా వెళ్లాలి. ముందు వెళ్తే ఏర్పాట్లు తెలుస్తాయి, తర్వాత వెళ్తే ఎక్కడ తేడా వచ్చిందో వాళ్లే చెప్పుకుంటుంటారు. ఆ తేడాల మాటల్లోనే అసలు నియమం ఏమిటో తెలుస్తుంది.

వానాకాలంలో దోమతెర మరవకండి.

అడగడం

"ఎందుకు" అన్న ప్రశ్న దగ్గర పెట్టుకోండి, బయటకు తీయకండి. "ఈ పండగ ఎందుకు చేస్తారు?" అంటే "తాతల నాటి నుంచి చేస్తున్నాం" అంటారు. అది సరైన జవాబే, మీ ప్రశ్నే బాగోలేదు. "ముందు ఏం చేస్తారు? దాని తర్వాత? ఆ పని ఎవరు చేయాలి? ఆ మనిషి లేకపోతే?" అని వెళ్లండి. చెంచుల తేనె గురించి అడిగేటప్పుడు "తేనె మీకు పవిత్రమా?" అనడం దండగ. కొండచరియ మీద నుంచి తాడు కట్టుకుని దిగే మనిషికి పైన తాడు పట్టుకునేది ఎవరు, ఏ వరస అయినవాళ్లు పట్టుకోవాలి, ఎవరు పట్టుకోకూడదు అని అడగండి. తేనె గురించి మొదలైన మాట చుట్టరికాల దాకా దానంతటదే వెళ్తుంది.

మగవాళ్లు ఇంటర్వ్యూకి ముందు వరసలో కూర్చుంటారు. పెళ్లి పాటలు, విత్తనాల సంగతులు, పురుటి ఆచారాలు వెనక గుమ్మం దగ్గర నిలబడ్డ ఆడవాళ్ల దగ్గర ఉంటాయి. మీరు మగవారైతే మీ జట్టులో ఒక అమ్మాయి ఉండాలి, కుదిరితే ఆ ఊరి అమ్మాయే. హాస్టల్లో చదివి వచ్చిన ఆడపిల్లలు ఈ పనికి చక్కగా సరిపోతారు. వాళ్లకు రెండు భాషలూ వచ్చు, నాయనమ్మ దగ్గర చనువూ ఉంటుంది. పనికి జీతం ఇవ్వండి, పుస్తకం మీద పేరు వేయండి. "సహకారం" అని చివరి పేజీలో చిన్న అక్షరాల్లో వేసి సరిపెట్టకండి.

చెప్పినవాళ్లకు డబ్బివ్వాలా అని కొందరు నసుగుతారు. ఇవ్వాలి. కూలి మానుకుని మీ ముందు కూర్చున్న మనిషికి ఆ రోజు కూలి ఇవ్వడం కనీస ధర్మం. పర్ధాను తన తీగ వాద్యం కిక్రి మీద కథ చెబితే గోండులే తరతరాలుగా కానుకలిస్తూ వచ్చారు, మీరు ఉచితంగా వినడం ఏ సంప్రదాయం? ఎంతన్నది ఊరి పెద్దలను అడిగి అందరికీ ఒకే లెక్కన ఇవ్వండి.

రికార్డింగు, చీటీ

ఖరీదైన కెమెరా కంటే మాట స్పష్టంగా రావడం ముఖ్యం. చేతి రికార్డరు ఉంటే సరే, లేకపోతే ఫోన్ చాలు. చొక్కాకు తగిలించే చిన్న మైకు, దానికి గాలి మోత రాకుండా నురగ తొడుగు కొనండి. వావ్ ఫైలుగా, 48 కిలోహెర్ట్జ్, 24 బిట్‌లో పెట్టండి, ఎంపీ3 వద్దు. ఫోన్ ఏరోప్లేన్ మోడ్‌లో ఉండాలి. పాట అయ్యాక వెంటనే ఆపేయకండి. పాట ముగిసిన తర్వాత పక్కవాళ్లు అనే మాటలు, "అక్కడ ఒక చరణం వదిలేశావు" అన్న గొడవ, పాటంత విలువైనవి.

కోయల కథలు పాడే డోలి కళాకారులు సమ్మక్క కథను పడిగె అనే బొమ్మల గుడ్డ ముందు పెట్టుకుని చెప్పే సంప్రదాయం ఉంది. అలాంటిది దొరికితే మాట ఒక్కటే పట్టుకుంటే సగమే. ఏ మాట దగ్గర కళాకారుడి వేలు ఏ బొమ్మ మీదకు వెళ్లిందో కనిపించేలా ఒక కెమెరాను పక్క నుంచి కదలకుండా పెట్టండి. పడిగెను ఫొటో తీయవచ్చా లేదా అన్నది మళ్లీ విడిగా అడగాలి.

ప్రతి రికార్డింగుకు ఒక చీటీ. ఇది ఆ రాత్రే, నిద్రపోకముందే రాయాలి. తేదీ, ఊరు, మండలం. చెప్పినవారి పేరు (వాళ్లు వేయమంటేనే), ఇంటిపేరు, తెగ, సుమారు వయసు. ఎవరి దగ్గర నేర్చుకున్నారు, ఏ ఊళ్లో. ఏ భాషలో చెప్పారు, మధ్యలో ఎవరు తెలుగు చేశారు. మామూలుగా ఎప్పుడు పాడతారు, ఈరోజు ఎందుకు పాడారు: పండగలోనా, మీరు అడిగారనా. పక్కన ఎవరున్నారు. ఏ అనుమతులు ఇచ్చారు, ఏవి ఇవ్వలేదు. "అడిగారు గనక పాడారు" అన్న ఒక్క ముక్క చీటీలో లేకపోతే, చావు పాటను పెళ్లిలో పాడతారని రేపు ఎవరో పుస్తకం రాస్తారు.

ఫైలు పేరులో తేదీ, ఊరు, వరస సంఖ్య చాలు. ఆ సంఖ్యే చీటీ మీదా నోటుబుక్కులోనూ ఉండాలి. మూడు కాపీలు, రెండు వేర్వేరు పరికరాల్లో, ఒకటి వేరే ఊళ్లో.

రాతలో పెట్టడం

విన్నదాన్ని ముందు వాళ్ల భాషలోనే రాయించండి, ఆ తర్వాతే తెలుగు చేయండి. తెలుగు లిపిలో రాస్తే ఊళ్లో చదువుకున్న పిల్లలు వెంటనే చదవగలరు. తెలుగులో లేని శబ్దాలకు ఒక గుర్తు పెట్టుకుని మొదటి పేజీలోనే చెప్పేయండి. సవరలో గొంతు దగ్గర ఆగిపోయే శబ్దం ఉంది. దాన్ని వదిలేసి రాస్తే ఆ పాట సవరవాళ్లకే పరాయిదవుతుంది. గోండీకి ఆదిలాబాద్ జిల్లా గుంజాల గ్రామంలో రాతప్రతులతో సహా దొరికిన లిపి ఉంది, 2018లో యూనికోడ్‌లోనూ చేరింది. ఆ ఊళ్ల వైపు పనిచేస్తుంటే రెండు లిపుల్లోనూ వేయండి. ధ్వనిని, అక్షరాన్ని పక్కపక్కన పెట్టుకుని పనిచేయడానికి ఎలాన్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్ ఉంది. కొత్తలో విసిగిస్తుంది, అలవాటైతే వదలరు.

ఒకే కథ రెండు ఊళ్లలో రెండు రకాలుగా వస్తే సంతోషించండి. రెంటినీ కలిపి ఒక "సరైన" కథ తయారుచేయకండి. సమ్మక్క సారలమ్మల కథ అచ్చులో ఒకలా ఉంటుంది, కోయ పూజారులైన వడ్డెల నోట ఒకలా, డోలి పాటలో మరోలా. ఏది ఎవరిదో చెప్పి విడివిడిగా వేయండి. కలిపి వండిన కథ ఎవరిదీ కాకుండా పోతుంది, కొన్నాళ్లకు అదే బడి పుస్తకంలోకి ఎక్కి మిగతావాటిని తోసేస్తుంది.

మీ వచనంలోంచి "అమాయకులు", "నాగరికతకు దూరంగా", "మూఢనమ్మకం", "అడవి తల్లి బిడ్డలు" తీసేయండి. ఆ పెద్దావిడ మనవడు ఇంజనీరింగ్ చదువుతున్నాడని, పెళ్లికి డీజే పెట్టారని, పోడు పట్టా కోసం ఆఫీసుల చుట్టూ తిరుగుతున్నారని మీరు చూసి ఉంటే అదీ రాయండి. వదిలేస్తే మీరు రాసింది మ్యూజియం బొమ్మ.

అచ్చుకు ముందు, ఆ తర్వాత

చిత్తుప్రతిని ఊళ్లో చదివి వినిపించండి. ఒక్కరికి కాదు, సాయంత్రం పది మంది చేరిన చోట. తప్పులు దిద్దుతారు, కొన్ని తీసేయమంటారు, కొన్నిచోట్ల వాళ్లలో వాళ్లే వాదించుకుంటారు. తీసేయమన్నవి తీసేయండి. వాదన తెగకపోతే ఇద్దరి మాటా వేయండి. ఈ విడతకు కూడా ఖర్చు, సమయం ముందే లెక్కలో పెట్టుకోవాలి. పబ్లిషరు తొందరపెడుతున్నాడన్నది ఊరికి సంబంధం లేని సంగతి.

అచ్చయ్యాక పుస్తకాలు మొదట చెప్పినవాళ్ల ఇళ్లకు, తర్వాత ఊరి బడికి, ఆశ్రమ పాఠశాలకు. చాలామందికి పుస్తకం కన్నా ధ్వని అవసరం. ఒక్కో కుటుంబానికి వాళ్ల పెద్దల పాటలు, మాటలు మెమొరీ కార్డులో వేసి ఇవ్వండి. ఫోన్‌లో పెట్టుకుని వినేలా ఎంపీ3 కాపీలు దీనికి సరిపోతాయి. అసలు వావ్ ఫైళ్లు, చీటీలు మాసబ్‌ట్యాంకు సంస్థలాంటి చోటగానీ, ఊరు ఒప్పుకుంటే ఒక విశ్వవిద్యాలయ భాండాగారంలోగానీ చేర్చండి. చేర్చేటప్పుడు ఏవి అందరికీ తెరవొచ్చో, ఏవి ఊరి అనుమతితోనే వినాలో చీటీల ప్రకారం పట్టిక రాసి సంతకం తీసుకోండి. దాని నకలు ఒకటి పట్లా దగ్గర, ఒకటి బడి బీరువాలో ఉంచండి. మీ ఫోన్ నంబరు మారితే ఆ రెండు చోట్లా మార్చి రాయించండి.